సున్నంతో గీసిన వాన

సినిమా ఆడించి వాన కురిపించినవాడు ఈ జిల్లా మొత్తానికి ఒక్కడే ఉన్నాడు. ఆ ఒక్కడూ నేనే. ఈ మాట అనంతపురం బస్టాండు పక్క టీ కొట్టులో చెప్పాను, బెంగళూరులో మైకు ముందు చెప్పాను, పన్ను పీకించుకోవడానికి పోయినప్పుడు నోట్లో దూది పెట్టుకుని డాక్టరుకు కూడా చెప్పాను. ఇప్పుడు అచ్చులో చెబుతున్నాను కాబట్టి కాస్త ఒళ్ళు దగ్గర పెట్టుకోవాలి. మా అక్కకు చదువు రాదు గానీ, చదివి వినిపించేవాళ్ళు ఊరి నిండా ఉన్నారు.

నన్ను అడిగినవాళ్ళకు ఇరవై సినిమాలు తీశానని చెబుతుంటాను. పెళ్ళి వీడియోలు కూడా లెక్కలోకి తీసుకుంటే అంతకన్నా చాలా ఎక్కువే అవుతాయి. పెళ్ళిళ్ళు తీసేస్తే మూడు మిగులుతాయి. ఆ మూడింట్లో ఒకటి మరీ చిన్నది, టీ తాగేలోపు అయిపోతుంది. కానీ ఆ మూడూ నావే. ఎవరూ డబ్బు పెట్టలేదు, ఎవరూ ఇది తీయి, అది తీయకు అని చెప్పలేదు. చెప్పేంత శ్రద్ధ కూడా ఎవరికీ లేకపోయింది, అది వేరే సంగతి.

నేను నేర్చుకున్న కళ గోడల మీద నేర్చుకున్నాను. వయసులో ఉన్నప్పుడు ఉరవకొండ నుంచి గోరంట్ల దాకా రోడ్డు పక్క గోడలన్నీ నా చేతి కిందే ఉండేవి. విత్తనాల కంపెనీ, పురుగుమందు, సిమెంటు, ఎన్నికలొస్తే రెండు పార్టీల గుర్తులూ పక్కపక్కనే రాసేవాణ్ణి. గోడ మీద రాసేవాడికి గురువు బస్సు. కిటికీ పక్కన కూర్చున్నవాడికి గోడ ఎంతసేపు కనబడుతుంది? వాడు రెప్ప వేసి తీసేలోగా విషయం వాడి కంట్లో పడాలి. అందుకని నా బొమ్మల్లో ఒక్క వస్తువే ఉంటుంది, చుట్టూ ఖాళీ ఉంటుంది. తర్వాత్తర్వాత నా సినిమాలు చూసిన పట్నం వాళ్ళు ఆ ఖాళీని చాలా మెచ్చుకున్నారు. కరువు సీమ ఆత్మ ఆ ఖాళీలో ఉందన్నారు. నేను తల ఊపాను. అసలు సంగతేమిటంటే రంగు తక్కువ పడుతుందని గోడ వదిలేసేవాణ్ణి.

ఫ్లెక్సీలు వచ్చి గోడలు పోయాక పెళ్ళి వీడియోలకు దిగాను. అక్కడ ఇంకో పాఠం దొరికింది. తాళి ఒక్కసారే కడతారు. కెమెరా సరిగ్గా లేదు, ఇంకోసారి కట్టు నాయనా అంటే పెళ్ళికొడుకు తరఫువాళ్ళు ఊరుకోరు. అందుకే సొంత సినిమాలకు ఒక నియమం పెట్టుకున్నాను. ఏ మనిషినీ ఒకే పని రెండోసారి చేయించకూడదు. బతుకులో రెండోసారి ఉండదు కాబట్టి సినిమాలోనూ ఉండకూడదని ఒక సభలో అన్నాను, చప్పట్లు కొట్టారు. ఆ నియమం పుట్టింది మా అక్క వల్ల. మూడో సినిమా మొదటి రోజు షూటింగులో ఆమెను మంద దొడ్డి గేటు దాటి ఇంకోసారి రమ్మన్నాను. చేతిలో ఉన్న కట్టె ఎత్తింది.

మా అక్కే నా మూడో సినిమాకు నాయిక. నాకంటే నాలుగేళ్ళు పెద్దది. శింగనమల చెరువుకు కాస్త ఎగువన, చెరువు నీళ్ళు ఎక్కని మెట్ట ఊళ్ళో ఉంటుంది. గొర్రెలు మేపుతుంది. బావ పోయాక కూడా మంద అమ్మలేదు. సినిమాకు కథంటూ పెద్దగా లేదు. ఒక ముసలామె గొర్రెలు తోలుకుని తిరుగుతూ వాన కోసం చూస్తుంది. చివరికి వాన వస్తుంది. అంతే. ఆమె నడక, ఆమె కంబళి, మేఘం కనబడితే చెయ్యి అడ్డం పెట్టుకుని చూసే తీరు, ఇవన్నీ ఆమెవే. నేను కెమెరా పట్టుకుని వెనక పోయాను.

చివరికి వాన రావాలి కదా. అది రాలేదు. ఒక వానకారు పోయింది. ఇంకో కారుకు కూడా మబ్బులు వచ్చి పోయాయి గానీ నేల తడవలేదు. నా దగ్గర సినిమా అంతా ఉంది, చివర లేదు. పెద్ద సినిమా వాళ్ళు పైపుతో వాన కురిపిస్తారని విని, ఒక నీళ్ళ ట్యాంకరు మాట్లాడాను. ట్రాక్టరు ట్యాంకరును లాక్కుంటూ ఊళ్ళోకి వచ్చింది. దాని చప్పుడు వినగానే ఆడవాళ్ళు బిందెలు తీసుకుని వచ్చి వరుసగా పెట్టారు. ఆ ఊరికి తాగే నీళ్ళు వచ్చేది ట్యాంకరులోనే. నేనేమో పైపు పట్టుకుని, ఎత్తుగా ఒక బండ మీద నిలబడి ఉన్నాను.

అక్క వచ్చి అడిగింది. "ఏంరా, పైకెక్కి నిలబడుకోనుండావు?"

"వాన సీనక్కా. నువ్వు ఆ గడ్డి దగ్గర నిలబడుకో, నేను పైనుంచి చల్లుతా."

"నేలకా?"

"నీ మీద."

"నా మీద పడినాక యాడికి పోతాది?"

నేను పైపు మూతి సరిచేసుకున్నాను.

"ఇంతమంది బిందెలు పెట్టుకోని చూస్తాండారు. పోయ్ చూద్దాం, మొగోడివైతే."

ఆ నీళ్ళు నేను నేలపాలు చెయ్యలేదు. కరువు నేల మీద కళ పేరుతో నీళ్ళు పారబోయడం నా మనస్సాక్షి ఒప్పుకోలేదని తర్వాత చాలా చోట్ల చెప్పాను. ఒక పత్రికలో కూడా వచ్చింది. మనస్సాక్షి మాట అబద్ధం కాదు. కాకపోతే అది నా లోపల లేదు. పచ్చ చీరె కట్టుకున్న ఒకామె, ఇంకొకామె వచ్చి నా చేతిలో పైపు లాక్కున్నారు, అప్పుడు మేలుకుంది.

ఆ మధ్యాహ్నం బిందెలు నిండుతుంటే బండ మీద కూర్చుని చూశాను. అప్పుడు తట్టింది. నేను గోడలు రాసేవాణ్ణి కదా. లేనిది గీయడమే కదా నా పని. ఎండిన గోడ మీద పచ్చటి పైరు ఎన్నిసార్లు గీయలేదు?

కిటికీ అద్దాలు కోసేవాడి దగ్గర డజను గాజు పలకలు తెచ్చాను. సున్నం నానబెట్టి, గుడ్డలో వడగట్టి, సన్న కుంచెతో ఒక్కో పలక మీద వాన గీశాను. ఒక పలకలో సన్న చినుకు, ఒకదాంట్లో ఏటవాలు జల్లు, ఒకదాంట్లో ఏమీ కనబడనంత దట్టం. కెమెరా ముందు పలక పెట్టి ఒక ఫోటో, పలక మార్చి ఇంకో ఫోటో. ఇట్లా వందల ఫోటోలు వరసగా తిప్పితే వాన కురుస్తుంది. పలకల వెనక ఎండలో అక్క నిలబడాలి. కదలకూడదు.

అక్క కట్టె మీద గడ్డం ఆనించి నిలబడింది. ఎంతసేపు నిలబడిందో చెబితే ఇప్పుడు కూడా తిడుతుంది. ఆ దృశ్యంలో ఆమె ఒళ్ళు సన్నగా వణుకుతూ కనబడుతుంది. తొలి చినుకు తగిలిన శరీరం అట్లాగే వణుకుతుందని, ఇంత గొప్ప నటన అరుదని చెప్పినవాళ్ళున్నారు. ఆ మాట అక్కకు చెప్పాను.

"కాళ్ళు లాగినాయిరా నా బట్టా," అంది.

గొర్రెలు మాత్రం వానలో ఎగిరెగిరి పడతాయి. మూగజీవాల సంతోషం అని దాన్ని కూడా మెచ్చుకున్నారు. గొర్రెకు కదలొద్దు అని ఎవరు చెప్పగలరు? ఫోటోకు ఫోటోకు మధ్య అవి మేసుకుంటూ పోయాయి. వరసగా తిప్పితే ఎగిరినట్టుంది.

వాన కురిసింది గానీ దానికి చప్పుడు లేదు. ఇంటర్నెట్టులో వాన చప్పుడు ఉచితంగా దొరుకుతుందని మా వీధిలో స్టూడియో అబ్బాయి చెప్పాడు. విన్నాను. అది ఏ ఊరి వానో, ఏ ఆకుల మీద పడుతోందో, మా నేల మీద పడే చప్పుడు మాత్రం కాదు. వద్దన్నాను. నా సినిమాలో అరువు తెచ్చుకున్నది ఏదీ లేదని ఈ రోజుకూ గర్వంగా చెప్పుకుంటాను. ఈ ఒక్క దాంట్లో పెంచి చెప్పింది ఏమీ లేదు. అందుకని చివరి భాగం మొత్తం మూగగా ఉండిపోయింది.

సినిమా పూర్తయ్యాక బెంగళూరులో ఒక చిన్న హాలు వాళ్ళు ఆడిస్తామన్నారు. అక్క ఒప్పుకోలేదు.

"మొదట మా ఊర్లో ఆడీ. ఇత్తనం ఏసే కాలం వచ్చె. వాన ల్యాకపోతే బొమ్మలాట ఆడిస్తాండ్రి కదా, మన నాయన కాలంలో. ఆ ఆటోళ్ళు ఇప్పుడు రావడం ల్యా. నీది కూడా తెరే, నీది కూడా దీపమే."

మా వైపు వాన కోసం తోలుబొమ్మలాట ఆడించడం పాత ఆనవాయితీ. దానికి ఒక కట్టుబాటు ఉంది. వాన కోసమని తెర కట్టిన ఆట మధ్యలో ఆగకూడదు. ఆగితే వచ్చిన మబ్బు కూడా తిరిగిపోతుందంటారు. చూడ్డానికి వచ్చిన ఇంటి నుంచి ఒక్కరైనా చివరి దాకా కూర్చోవాలి.

ఊళ్ళో అందరూ మామా అని పిలిచే ఒక పెద్దాయన ఉన్నాడు. ఆయన అడ్డం తిరిగాడు. "బొమ్మలాట బొమ్మలాటే, సినిమా సినిమానే. కరెంటు మీద ఆడేదాన్ని నమ్ముకోని వానాట అంటారా? మధ్యలో నిలిస్తే ఎవురు జవాబు చెప్తారు?"

"నేను చెప్తా మామా," అంది అక్క. "నా తమ్ముడు ఆఖరి దాకా ఆడిస్తాడు. ఆడీకపోతే ఈ కారు వాన రాకపోయిందానికి నన్నే అనుకోండి."

ఆ మాట నా ముందే అంది. సినిమా మధ్యలో నిలిస్తే నేను బండెక్కి అనంతపురం పోతాను. ఆమె ఆ ఊళ్ళోనే, ఆ ట్యాంకరు దగ్గరే, ఆ ఆడవాళ్ళ మధ్యే బతకాలి. ఇన్నేళ్ళలో నా పనికి ఇంత పెద్ద పూచీ ఎవరూ పడలేదు.

శనగకాయల గోడౌను ఖాళీగా ఉంది. కిటికీలకు గోనె సంచులు కట్టి చీకటి చేశాం. నడుమ తెల్లటి పంచెలు రెండు కలిపి కుట్టి తెర కట్టాం. పెళ్ళిళ్ళలో వాడే ప్రొజెక్టరు, స్పీకరు నా మోటారు సైకిలు మీద కట్టుకుని వచ్చాను. గాజు పలకలు కూడా తెచ్చాను. ప్రదర్శనగా గోడకు ఆనించి పెడదామని నా ఆశ.

"ఇవెందుకురా మోసుకోనొచ్చినావు? గోడౌనుకు కిటికీలు పెట్టిస్తావా?" అంది అక్క. నేను నొచ్చుకుని పలకలు తెర వెనక పెట్టాను.

మధ్యాహ్నం అన్నాలు తిన్నాక జనం వచ్చారు. ఊరంతా వచ్చిందని చెబుతుంటాను. గోడౌను నిండింది, అంతవరకు నిజం. తెర మీద అక్క కనబడగానే ఒకటే నవ్వులు. "ఏమమ్మా, నడుస్తావుంటే మీయమ్మ మాదిరే ఉండావు," "ఆ గొర్రె మాది కదా, ఎప్పుడు తీసినావప్పా?" అని అరుపులు. ఆమె నీళ్ళ కోసం పోయే చోట మాత్రం నవ్వులు తగ్గాయి.

సినిమా సగం దాటాక పైకప్పు రేకుల మీద ఒక చప్పుడు. గుప్పెడు శనగకాయలు ఎవరో విసిరినట్టుంది. ఇంకో గుప్పెడు. మగవాళ్ళు తలలెత్తారు. ఇంతలో ధారగా మొదలైంది.

ఒకాయన గోనె సంచి పక్కకు తీసి బయటికి చూసి, "పదునైతాదప్పా," అన్నాడు. విత్తనం వెయ్యడానికి కావలసినంత తడి దిగుతుందని అర్థం. ఇక ఆ మాట విన్నాక ఏ డైరెక్టరైనా జనాన్ని ఆపగలడా? విత్తనం కాయలు దించాలి, విత్తే గొర్రు చూసుకోవాలి, ట్రాక్టరుకు ముందే చెప్పుకోవాలి. మగవాళ్ళు లేచారు, వయసులో ఉన్న ఆడవాళ్ళు లేచారు. పోతూ పోతూ ఇంటికొకరిని కూర్చోబెట్టి పోయారు. అవ్వలు, తాతలు, కాలు విరిగిన ఒకాయన, చంటిబిడ్డతో ఒక బాలింత. మామ కూడా కూర్చున్నాడు. ఆట నిలిస్తే చూడ్డానికి కూర్చున్నాడని నా అనుమానం.

అక్క మబ్బుకు చెయ్యి అడ్డం పెట్టుకుని చూసే దృశ్యం వచ్చింది. తర్వాతిదే వాన. అప్పుడు కరెంటు పోయింది.

చినుకు పడితే కరెంటు తీసేస్తారని మా జిల్లాలో పసిబిడ్డకు కూడా తెలుసు. నాకు తెలియలేదు. వాన గురించి సినిమా తీసి, వాన కోసం ఆడిస్తూ, వాన వస్తే ఏమవుతుందని ఒక్కసారి కూడా ఆలోచించలేదు. వస్తుందని నమ్మితే కదా.

చీకట్లో మామ గొంతు వినబడింది. "నిల్చిపాయనా?"

అక్క నా పక్కకు వచ్చి చెయ్యి పట్టుకుంది. "ఏమన్నా చేయిరా," అంది. మామూలుగా తిట్టే మనిషి అంత మెల్లగా అడగడం అదే మొదటిసారి.

ఆ క్షణంలో నా బుర్రలో మెరుపు మెరిసిందని చెబుతుంటాను. మెరవలేదు. కరెంటు తీగ చూద్దామని తెర వెనక్కి పోయి గాజు పలక ఒకటి కాలితో తన్నాను. అది పగిలిన చప్పుడుకు మిగతావి అక్కడున్నాయని గుర్తొచ్చింది.

మోటారు సైకిలు తెర వెనక్కి తోసుకుపోయాను. పాత బండి. ఇంజను తిరిగితేనే దీపం వెలుగుతుంది, యాక్సిలేటరు ఎంత తిప్పితే వెలుగు అంత. నా రెండు చేతులూ పలకలకు కావాలి.

"మామా, ఈడికి రా," అన్నాను. "బండి పట్టుకో."

"నేనా?"

"ఆట నిలవకూడదంటివి కదా."

ఆయన గొణుక్కుంటూ వచ్చి బండెక్కి కూర్చున్నాడు. దీపం ముందు నేను పలక ఎత్తి పట్టుకున్నాను. పలక ముందు, తెరకు దూరంగా, అక్క కట్టె మీద గడ్డం పెట్టి నిలబడింది. ఈసారి నేను చెప్పలేదు. ఆమే నిలబడింది.

తెర మీద ఆమె నీడ లేచింది, పైకప్పు అంత ఎత్తు. సినిమాలో తెల్లగా పడే వాన ఇక్కడ నల్లగా పడింది, సున్నం వెలుతురును అడ్డుకుంటుంది కదా. పలక మెల్లగా కిందికి జార్చి, అది దిగేలోపు రెండోది ఎత్తేవాణ్ణి. మామ చెయ్యి నిలకడగా ఉండేది కాదు. యాక్సిలేటరు ఒకసారి గుర్రుమనేది, వెలుగు భగ్గుమనేది, ఉరుము మెరుపు రెండూ అయిపోయేవి. పెట్రోలు పొగ కళ్ళు మండించింది. పైన రేకుల మీద వాన దంచుతోంది. నేను ఏ ఊరి నుంచీ తెచ్చుకోని చప్పుడు, మా నేల వాన చప్పుడు, నా మూగ వాన మీద వచ్చి కూర్చుంది.

పలకలన్నీ అయ్యాక మళ్ళీ మొదటిది ఎత్తాను. ఎక్కడ ఆపాలో తెలియలేదు. చివరికి అక్కే, "చాల్లేరా," అంది. మామ బండి ఆపాడు.

ఆ చివరి దృశ్యానికి జనం లేచి నిలబడ్డారని, ముసలివాళ్ళు ఏడ్చారని నేను చెబుతుంటాను. నేను చూడలేదు. నేను, అక్క, మామ ముగ్గురం తెర వెనకే ఉన్నాం. ముందు ఏం జరిగిందో మాకు ముగ్గురికీ తెలియదు. తెర పక్కనుంచి ముందుకు వచ్చి చూస్తే, ఎక్కడివాళ్ళు అక్కడే కూర్చుని ఉన్నారు. బాలింత బిడ్డకు పాలిస్తోంది. ముందు వరసలో ఒక అవ్వ నన్ను అడిగింది.

"అయిపాయనా నాయనా?"

"అయిపాయనవ్వా."

"అట్లయితే నేను పోతా. మా కొట్టం కారతాంటాది. పొయ్యి తడిసిపోయుంటాది ఈపాటికి."

ఇల్లు కారుతోందని ఆమెకు మొదటి చినుకు నుంచి తెలుసు. నా జన్మలో ఏ పెద్దమనిషి ఏ వేదిక మీద కప్పిన శాలువా కూడా ఆ మాటకు సాటి రాదు.

మామ బండి దిగి అక్కతో, "కరెంటు ల్యాకున్నా ఆడిస్తాడమ్మా నీ తమ్ముడు," అన్నాడు. అని, యాక్సిలేటరు తనే తిప్పానని ఊరంతా చెప్పుకోవడానికి పోయాడు. ఇప్పటికీ చెబుతున్నాడు. ఆ చెప్పడంలో నేను పలకలు అందించే మనిషిని.

ఆ రోజు నుంచి నా సినిమా ఎక్కడ ఆడించినా చివర ప్రొజెక్టరు ఆపేస్తాను. తెర వెనక్కి పోయి పలకలు చేత్తో ఎత్తుతాను. సినిమాను, చిత్రకళను, తోలుబొమ్మను ఒక్కటి చేసిన నా పద్ధతి అని దీని మీద వ్యాసాలు వచ్చాయి. ఇదంతా కరెంటు వాళ్ళ చలవ అని ఇక్కడ తప్ప ఇంకెక్కడా రాయలేదు.

ఆ ఏడు ఇత్తనం పడింది. తర్వాత నడుమ వాన మొహం చాటేసింది, పంట సగమే వచ్చింది. ఎవరూ నన్నుగానీ, అక్కనుగానీ ఒక్క మాట అనలేదు. ఆట పూర్తిగా ఆడింది కదా అన్నారు.

బెంగళూరు హాలుకు అక్కను తీసుకుపోయాను. మోటారు సైకిలు లోపలికి రానివ్వలేదు, పెద్ద దీపం ఒకటి ఇచ్చారు. అక్క తెర వెనక కట్టె పట్టుకుని నిలబడింది. అయిపోయాక అవతల చప్పట్లు మోగాయి, చాలాసేపు మోగాయి. నా గుండె ఉబ్బిపోయింది.

"ఏమైంది, అట్ల కొడ్తాండారు?" అంది అక్క. "వాన వచ్చిందా?"

"చప్పట్లక్కా. మెచ్చుకుంటాండారు."

"అది సరే. బయట చూసిరాపో."

నేను వెనక తలుపు తీసుకుని బయటికి పోయాను. ఆకాశం నిర్మలంగా ఉంది. చెట్టు మీద ఆకు కూడా కదలడం లేదు. లోపలికి వచ్చి, "చినుకులు పడతాండాయక్కా," అన్నాను.

అక్క నా చొక్కా భుజం మీద అరచెయ్యి పెట్టి చూసింది. "ఎండి కరకరమంటాండాది," అంది. "పోనీలే. మన వంతు మనం ఆఖరిదాకా ఆడినాం కదా." అని తెర పంచె దించి, ఒక కొస నా చేతికిచ్చి, రెండో కొస తను పట్టుకుని మడత పెట్టసాగింది.